స్వీటీ కట్టిన ధున్

ఫిబ్రవరి 4, ఆదివారం

ఈ డైరీ ఛానల్ వాళ్ళు స్వీటీకి ఇచ్చిండ్రు. "నాకెందుకు డాడీ, నువ్వే రాసుకో" అని నా చేతుల పెట్టింది. నెల దాటింది, ఒక్క కాగితం ముట్టలే. ఇయ్యాల రాయకుంటే మాత్రం నాకు నిద్ర పట్టేటట్టు లేదు.

నా బిడ్డ సెలెక్టయింది. ఎనిమిది మందిల ఒకతె. పాట తనే రాయాలె, ధున్, అంటే బాణీ, తనే కట్టాలె, స్టేజీ మీద నిలబడి తనే పాడాలె. అరువు తెచ్చింది ఏదీ ఉండొద్దు. అసొంటి ప్రోగ్రాం.

నాలుగేండ్ల సంది అదే ఛానల్ల పాటల ప్రోగ్రాంకు కీబోర్డు వాయిస్తుంది. పాడేటోళ్ళు ముంగట, నా బిడ్డ ఎనక చీకట్ల. టీవీల చేతులే కనబడేటివి. ఎడమచేతి బొటనవేలు మీద చిన్నప్పుడు ఇస్త్రీ పెట్టె కాలిన మచ్చ ఉంది, దాన్ని బట్టి నేను గుర్తుపట్టి లేచి నిలబడేది. "కూసో అయ్యా, అవి ఆ గిటారు పోరని చేతులు" అని మా ఇంటామె సక్కుబాయి నవ్వేది. ఒకటి రెండుసార్లు ఆమె మాటే నిజం.

చర్చిల అయ్యగారు స్వీటీ పేరు చెప్పి ప్రార్థన చేసిండ్రు. కండ్లు మూసుకొమ్మన్నరు. నేను మూసుకోలే. అందరి మొఖాలు చూసిన.

ఫిబ్రవరి 6, మంగళవారం

టీవీల వచ్చింది. మొఖం. మొత్తం మొఖం. రెండు నిమిషాల పైన.

ఫిబ్రవరి 9, శుక్రవారం

ఇరవై నాలుగున మూడో రౌండు షూటింగు, అదే ఆఖరు రౌండు. దానికి స్వీటీ కొత్త పాట కడుతుంది. మూడు దినాల సంది ముందు అర్రల కీబోర్డు ముంగటనే కూసుంది. చెవులకు హెడ్‌ఫోన్ పెట్టుకుంటది, మాకు కీబోర్డు మెట్లు టకటక కొట్టుకునే చప్పుడే వినిపిస్తది. పాడితే మాత్రం వినిపిస్తది.

పాట వాళ్ళమ్మ మీద. సక్కుబాయి ముప్పై ఏండ్లు కాన్పుల దవాఖానల ఆయా. పుట్టిన పిల్లను తల్లి కన్నా ముందు ఎత్తుకున్న చేతులు ఆమెవి. స్వీటీ గదే రాసింది.

ఎవరి బిడ్డవో ఏమో గాని
నా చేతులనే ముందు ఏడ్చినవు

నేను డెబ్బై ఏండ్లకు దగ్గరవడ్డ. దబీర్‌పురా రైలు స్టేషన్ల ఖలాసీగ చేసుకుంట, డ్యూటీ అయినంక అజ్మత్ అలీ షాదీ బ్యాండుల ముప్పై ఎనిమిదేండ్లు క్లారినెట్ ఊదిన. పై పండ్లు పోయినంకనే బంద్ పెట్టిన. వెయ్యి పాటలు ఊదినంటే తక్కువ. ఇసొంటి ధున్ నా నోటికి ఎన్నడు రాలే. కిందికెళ్ళి మెల్లగ లేచి, పడిపోతదేమో అనుకునే కాడ పడకుండ నిలబడతది.

సక్కుబాయి "నా మీద పాటేంది, నలుగురు నవ్వుతరు" అన్నది. అని బాత్రూంలకు పోయి నల్లా ఇప్పింది. శాన సేపు నీళ్ళు పోయినయి.

స్వీటీ హెడ్‌ఫోన్ తీసి నా దిక్కు తిరిగింది. "డాడీ, నీ నోరు నాకు తెలుసు. టీవీల వచ్చేదాక ఈ ధున్ బయట ఎక్కడ వినబడొద్దు. కాగితం మీద సంతకం పెట్టి ఇచ్చిన."

"నేనేమన్న చిన్నపిల్లగాడినా" అన్న.

"చిన్నపిల్లగాడైతే చాక్లెట్ ఇచ్చి కూసోబెడుదు" అన్నది వాళ్ళమ్మ లోపలికెళ్ళి.

తొమ్మిదేండ్లకు చర్చిల హార్మోనియం పట్టింది నా బిడ్డ. పదిహేనుకు ఆర్కెస్ట్రా పార్టీల. ఇరవై రెండుకు సబ్బుపొడి అడ్వర్టయిజ్‌మెంటుకు ధున్ కట్టింది, పట్నమంత అదే పాడిండ్రు, ఆమె పేరు ఎవ్వరికి తెల్వది. ఇప్పుడు టీవీల పేరేస్తరు. ధున్: స్వీటీ. పెద్ద అక్షరాలల్ల.

ఫిబ్రవరి 11, ఆదివారం

చర్చి అయినంక పురానాపూల్ దిక్కు పోయిన. పనేం లేదు. అజ్మత్ దుకాణంల అందరు కూసోని బాజాలు తుడుస్తున్నరు. షాబాన్ నెల మొదలయితుంది. రంజాన్ వచ్చేలోపట షాదీలన్నీ అయిపోవాలె, బ్యాండుకు ఊపిరాడని నెల.

"ఆవో మాస్టర్, బిడ్డ టీవీల వచ్చిన సంది నేల మీద నడుస్తలేవట" అన్నడు అజ్మత్.

"ఇప్పుడేం చూసినవ్ భాయ్. అసలు పాట ముందటుంది."

"అయితే ఒక ముక్క వినిపించు."

"సంతకం ఉంది. వినిపియ్యొద్దు."

"మనకు కూడ సంతకమా? ఆమెకు రెండేండ్లప్పుడు నా పెద్ద డోలు మీద కూసోబెట్టుకున్న. డోలు కరాబు చేసింది కూడ. నేను ఎవరికన్న చెప్పిన్నా?"

అందరు నవ్విండ్రు. నేను పాడలే. ఊకె ముక్కుల తీసిన. ఒక్కసారి. మాటలు లేకుండ. అజ్మత్ చేతిల గుడ్డ అట్లనే ఆగిపోయింది. "ఫిర్ సే" అన్నడు మెల్లగ. మల్లొకసారి తీసిన. నా జాగల ఇప్పుడు క్లారినెట్ ఊదే నర్సింహ, బాజా నోట్ల పెట్టుకోని "గింత పొడుగు లైను, ఊపిరి ఎక్కడ తీసుకోవాలె మాస్టర్" అని అడిగిండు. చెప్పిన. గంతే. పని తెలిసినోడు అడిగితే పని తెలిసినోడు చెప్పిండు. అది నేర్పుడు కాదు.

ఫిబ్రవరి 13, మంగళవారం

పురానాపూల్ దిక్కు పోలే. పనేం లేకుండె.

ఫిబ్రవరి 16, శుక్రవారం

హుస్సేనీ ఆలంల అజ్మత్ వాళ్ళ అన్న మనుమరాలు ఖుద్సియా షాదీ. నన్ను, సక్కుబాయిని పిలిచిండ్రు. ఆమెకు మోకాళ్ళ నొప్పి, నేనొక్కన్నే పోయిన.

అన్నం తిన్నంక రుఖ్సతీ. అమ్మాయిని అత్తగారింటికి తోలిచ్చేది. ఎప్పుడైనా అప్పుడు పాత సినిమా పాట వాయిస్తం. అమ్మాయి మెట్లు దిగుతుంది, పద్దెనిమిది మంది బ్యాండోళ్ళు లేచి నిలబడ్డరు, నర్సింహ క్లారినెట్ ఎత్తిండు.

నా బిడ్డ ధున్.

ముందు క్లారినెట్ ఒక్కటే. తర్వాత బాజాలన్ని మెల్లగ కలిసినయి. డోలు లేదు. గల్లీల ఆటోలు ఆగినయి. పిల్ల తల్లి ఉమ్మే హానీ అప్పటిదాక అందరికి పనులు చెప్పుకుంట తిరిగింది, అదిన్నంక బిడ్డ మెడ పట్టుకోని ఇడువలే. మీద బంగ్లాల మీదికెళ్ళి ఆడోళ్ళు ముసుగులతోని కండ్లు తుడుచుకుంటున్నరు. చుట్టూర సెల్‌ఫోన్లు లేచినయి. మాటలే లేవు ఆ పాటకు, పాట ఎవరి మీదనో వాళ్ళకు తెల్వది, అయినా అందరికి తెలిసినట్టే ఉంది.

ఎంత గొప్పదో చూడు నా బిడ్డ. దవాఖాన పాట కట్టింది, అది పోయి షాదీల సరిపోయింది.

అజ్మత్‌తోని మాట్లాడాలె. రేపు మాట్లాడుత.

ఫిబ్రవరి 18, ఆదివారం

ఇంక నాలుగు షాదీలల్ల వాయించిండ్రట. "డిమాండ్ మస్తుంది భాయ్, రుఖ్సతీకి అదే కావాలంటున్నరు" అని అజ్మత్ ఫోన్ల సంబురపడ్డడు. ఇంక వాయించొద్దన్న. గట్టిగనే అన్న. గట్టిగనే అన్న అనుకుంట.

ఫిబ్రవరి 21, బుధవారం

పగలు రెండింటికే వచ్చింది స్వీటీ. చెప్పులు ఇప్పకుండ లోపలికొచ్చి కుర్చీల కూసుంది. ఫోన్ తీసి మా ముంగట పెట్టింది. ఖుద్సియా రుఖ్సతీ. ఎవరో సెల్లుల పట్టి "పాతబస్తీ పాత రుఖ్సతీ ధున్" అని పేరు పెట్టి ఎక్కించిండ్రు. తొమ్మిది లక్షల మంది చూసిండ్రు.

ఇయ్యాల రిహార్సల్ల డ్రమ్స్ వాయించే పోరడు దాన్ని చూపెట్టిండట. ప్రోగ్రాం డైరెక్టర్ ప్రేమ్‌రాజ్ అందరి ముందటనే అడిగిండట, "ఏంది స్వీటీ, బ్యాండోళ్ళ పాత ధున్ తెచ్చి సొంతమంటున్నవా" అని. శనివారం లోపల జవాబు చెప్పాలె. లేకుంటే పేరు తీసేస్తరు. ఒక్క ప్రోగ్రాంల తీసేసుడు కాదు, దొంగ ధున్‌లు కట్టేదని ఒకసారి అన్నంక ఇంక ఎవ్వరు పని ఇస్తరు.

నన్ను తిడ్తదనుకున్న. తిట్టలే. ఆమె అడిగింది ఇది.

"డాడీ, మీ బ్యాండుల ఇసొంటి పాత ధున్ ఉండేనా? నా చిన్నప్పుడు నువ్వు ఇంట్ల ఊదినవా? నేను విని మర్చిపోయి, ఇప్పుడు నాదే అనుకుంటున్ననా?"

ఎప్పుడు తల దించని పిల్ల, నేల మీద చూసుకుంట అడిగింది.

యాదికి లేదన్న.

ఫిబ్రవరి 22, గురువారం

కీబోర్డు మీద దుప్పటి కప్పింది. పొద్దటి సంది దాని దిక్కు చూడలే. "మిగిలిన ధున్‌లు కూడ అసొంటివేనేమో, నాకేం తెలుసు" అన్నది వాళ్ళమ్మతోని.

నేను నేర్పలే. ఊపిరి ఎక్కడ తీసుకోవాలో చెప్పిన, గంతే. వాయించుమనలే. వద్దన్న కూడ. అజ్మత్‌కు ఉండాలె బుద్ధి. సెల్లుల పట్టినోనికి ఉండాలె.

అన్నం పోలే. సక్కుబాయి పళ్ళెం చూసి నా మొఖం చూసింది.

ఊపిరి ఎక్కడ తీసుకోవాలో చెప్పిన.

ఫిబ్రవరి 23, శుక్రవారం

పొద్దుగాల సక్కుబాయి చాయ్ గ్లాసు ముంగట పెట్టి, "ఎన్నిసార్లు పాడినవ్" అన్నది.

"ఏంది?"

"అజ్మత్ భాయ్ దుకాణంల. ఎన్నిసార్లు పాడినవ్?"

"రెండు" అన్న. కొంచెం ఆగి "మూడు" అన్న.

తిడితే బాగుండు. "దవాఖానల ఒకరి పిల్లను ఇంకొకరి చేతుల పెడితే ఏమైతదో తెలుసా నీకు? ముప్పై ఏండ్లల్ల నేనొక్కసారి ఆ తప్పు చెయ్యలే. కాలికి చీటి కట్టినంకనే ఇచ్చేది. నువ్వు బిడ్డ చీటి తెంపి గల్లీల పెట్టినవ్" అన్నది. "నేను చెప్పను. నువ్వే చెప్పు. చాయ్ తాగి పో."

తాగలే. ముందు అర్రలకు పోయిన. స్వీటీ గోడకు ఒరిగి కూసుంది. నిలబడే చెప్పిన. నేను ముక్కుల తీసింది, నర్సింహకు ఊపిరి చెప్పింది, షాదీల విని సంబురపడ్డది, మొన్న నువ్వడిగితే అబద్ధమాడింది. అన్నీ చెప్పిన.



"అంటే అది నాదేనా?"

"నీదే బిడ్డా. నీ కన్నా ముందు ఆ ధున్ ఈ దునియాల లేదు."

రెండు చేతులతోని మొఖం మూసుకుంది. ఏడుస్తుందనుకున్న, ఏడుస్తలేదు. చేతులు తీసినంక కోపం వచ్చింది. "రెండు దినాలు, డాడీ. రెండు దినాలు నా బుర్ర నాదేనా అని చూసుకున్న. నువ్వు ఈడనే కూసోని చూసినవ్."



ఫిబ్రవరి 24, శనివారం

అజ్మత్‌ను తోలుకోని స్వీటీతోని ఛానల్‌కు పోయిన. ఆయన షేర్వానీ ఏసుకోని వచ్చిండు, షాదీకి వచ్చినట్టు. ఆటోల ముగ్గురం.

ప్రేమ్‌రాజ్ చిన్న పోరడే. మంచిగనే కూసోబెట్టిండు. నేను జరిగింది జరిగినట్టు చెప్పిన. ఆయన ఇని, "అంకుల్, మీరు తండ్రి. బిడ్డను కాపాడనీకి గిట్లనే అంటరు గద" అన్నడు.

అజ్మత్ లేచిండు.

"సాబ్, నేను తండ్రిని కాదు. మాది మా దాదా పెట్టిన బ్యాండు. ఈ ధున్‌తోని పది దినాలల్ల వచ్చినంత పేరు మాకు పదేండ్లల్ల రాలే. ఇది మా దాదా కట్టిన ధున్ అని నేనంటే ఎవరు కాదంటరు? రంజాన్ దాక నాకు కూసునే పనే ఉండది. అయినా చెప్తున్న. ఇది మాది కాదు. ఈమెది. పదకొండో తారీకు దాక నా చెవుల పడలే. కాగితం తెండి, సంతకం పెడత."

ప్రేమ్‌రాజ్ కాగితం తెప్పిచ్చిండు. అజ్మత్ ఉర్దూల సంతకం పెట్టిండు. నేను తెలుగుల పెట్టిన.

"సరే. స్వీటీ పేరు మీద మచ్చ లేదు. కాని రూల్ రూలే, బయట వినబడ్డ ధున్ పోటీల పనికిరాదు" అన్నడు ప్రేమ్‌రాజ్. అంతల్నే ఆయన మొఖం ఎలిగింది. "ఒక మాట అంకుల్. స్టోరీ మస్తుంది. మీరు స్టేజీ మీదికి రండి. ఇదే మాట అందరి ముందట చెప్పి బిడ్డను క్షమాపణ అడగండి. ఎనక మ్యూజిక్ పెడతం. గట్లయితే పాత పాటనే పాడనిస్తం, పైన మాట్లాడి ఒప్పిస్త."

నేను రెడీ. క్షమాపణ అడుగుడు నాకు కష్టం కాదు. టీవీల నా మొఖం కూడ వస్తదని ఒక్క క్షణం అనిపించింది, అబద్ధమెందుకు.

"వద్దు సార్" అన్నది స్వీటీ. "మా డాడీ తప్పు మా ఇంట్లది. మేం ఇంట్ల చూసుకుంటం. మీకు కావాల్సింది పాట గద, ఇంకోటి కడత."

"షూటింగు బుధవారానికి జరుపుత. నాలుగు దినాలే ఉన్నయి స్వీటీ."

"నాలుగు ఉన్నయి గద సార్."

అజ్మత్ నా మోచెయ్యి గట్టిగ పట్టుకున్నడు. నొచ్చింది.

ఫిబ్రవరి 26, సోమవారం

స్వీటీ ఇంట్ల లేదు. ఛానల్ల ఒక చిన్న గది ఇచ్చిండ్రట, ఆడనే కూసోని కడుతుంది, రాత్రి వాళ్ళ దోస్తు ఇంట్ల పండుకుంటది. ఇంట్ల కట్టదట. వాళ్ళమ్మకే ఫోన్ చేసింది. "తిన్నవా" అని ఆమెతోని అడిగిపిచ్చిన. తిన్నదట.

ఆమె చేసింది కరెక్టే.

మార్చి 3, ఆదివారం

చర్చిల ఉన్నంత సేపు గడియారమే చూసిన. సాయంత్రం ఏడింటికి టీవీల వేసిండ్రు. సక్కుబాయి, నేను, అజ్మత్, ఆయన దిక్కుకెళ్ళి నర్సింహ. మా ఇంట్ల ఉన్నవి రెండు కుర్చీలు, మగోళ్ళం కింద కూసున్నం.

స్వీటీ వచ్చింది. కీబోర్డు ముంగట కూసుంది. ఏం వస్తదో నాకు తెల్వది. ముప్పై ఏండ్లల్ల నా బిడ్డ పాట లోకంతోని పాటు నేను కూడ మొదటిసారి ఇనుడు ఇదే. లోపలికెళ్ళి రైలు ఊగినట్టు ఒక చప్పుడు లేపింది. అట్లనే ఊపుకుంట పోయి, నడుమ ఆపింది. ఆపిన కాడ ఒక్కతె గొంతు. మాటలు సగం సమజ్ కాలే, నా కండ్ల నిండ నీళ్ళే. పాత పాట కన్నా మంచిగుందా అంటే చెప్పలేను. ఇది కోపంతోని కట్టింది. కోపంల కూడ గంత చక్కగ కట్టింది.

నర్సింహ తొడ మీద ఏళ్ళు ఆడిస్తున్నడు, క్లారినెట్ మెట్లు వెతుక్కున్నట్టు. అజ్మత్ ఆ చెయ్యి మీద ఒక్కటి కొట్టిండు. "నక్కో, వద్దు" అన్నడు.

కింద అక్షరాలు పడ్డయి. రచన, ధున్, గానం: స్వీటీ. మూడు తాన్ల ఒక్కటే పేరు. సక్కుబాయి నన్ను చదవమన్నది. చదివిన. మల్ల చదవమన్నది.

ఫస్ట్ రాలే. రెండో జాగ. ఆ జడ్జీలకు చెవులున్నయో లేవో నాకు అనుమానమే. స్వీటీతోని అనలే.

మార్చి 5, మంగళవారం

స్వీటీ ఇంటికొచ్చింది. నాతోని మాట్లాడింది. "డాడీ, చార్జర్ ఎక్కడుంది" అన్నది. ఎతికి ఇచ్చిన.

సాయంత్రం తనే పురానాపూల్ పోయి అజ్మత్‌ను కలిసిందట. పోటీ అయిపోయింది, ఆయా పాట ఇంక ఎక్కడన్న వాయించుకోండి చాచా, ఎవరిదని అడిగినోళ్ళకు మాత్రం పేరు చెప్పండి అన్నదట. అజ్మత్ అడిగేదాక ఆగలే. బ్యాండు బండి మీద రంగుతోని రాయించిండు, ఉర్దూల ఒక దిక్కు, తెలుగుల ఒక దిక్కు. రేపు పోయి చూడాలె. తెలుగు సరిగ్గ రాసిండ్రో లేదో.

మార్చి 10, ఆదివారం

ప్రేమ్‌రాజ్ పిలిచి పని ఇచ్చిండు. ఇన్నేండ్లు తను కీబోర్డు వాయించిన పాటల ప్రోగ్రాం కొత్త సీజన్‌కు మొదలు ధున్ స్వీటీనే కట్టాలె. అర నిమిషం. ఇంక ఏడాది పొడుగు దినాం సాయంత్రం, తెలుగోళ్ళ ఇండ్లల్ల టీవీ పెట్టంగనే ముందు వినబడేది నా బిడ్డదే. ఎనక కీబోర్డు వాయించే పని ఇంకొక పిల్లకు ఇచ్చిండ్రు. స్వీటీ ఆ పిల్లకు నేర్పుతుంది కూడ.

మధ్యాహ్నం అన్నం తిన్నంక స్వీటీ ముందు అర్రల కూసోని కీబోర్డు మీది దుప్పటి తీసి మడత పెట్టింది. ఇంట్లనే. హెడ్‌ఫోన్ పెట్టుకోలే. ఒక మెట్టు ఒత్తింది.

నేను లేచి చెప్పులేసుకున్న.

"ఎక్కడికి డాడీ?"

"చాయ్ తాగొస్త."

"ఇంట్ల పాలున్నయి గద."

"హోటల్ చాయ్ తాగొస్త బిడ్డా. నువ్వు కట్టు. తలుపు ఎయ్యన్నా?"

ఆమె నా దిక్కు చూసి, "దగ్గరికి ఏసి పో" అన్నది. గొళ్ళెం పెట్టుమనలే.

ఏసి పోయిన. గల్లీ దాటేదాక చెవులు ఎనకకే ఉన్నయి, గుంజుకొచ్చిన. నడుచుకుంట నడుచుకుంట పురానాపూల్ దాక పోయిన. దుకాణంల అందరు ఉన్నరు, ఇంకొక్క దినమైతే రంజాన్, బాజాలకు గలేబులు తొడుగుతున్నరు.

"మాస్టర్, బిడ్డ మొదలు ధున్ కడుతుందట గద. ఎట్లుంది?" అన్నడు నర్సింహ.

"నాకు తెల్వది."

"అరె, ఇంట్లకెళ్ళే వస్తున్నవ్ గద" అన్నడు అజ్మత్.

"ఇంట్లకెళ్ళే వస్తున్న. తెల్వది."

అజ్మత్ నన్ను కిందికి మీదికి చూసి, జరిగి, గద్దె మీద తన పక్కన జాగ ఇచ్చిండు. కూసున్న. మూడు చాయ్‌లు తాగిన. చీకటి పడ్డదాక ఇంటికి పోలే.